ఇంటి సోలార్‌ను గ్రిడ్‌కు కలపండి, కలపలేకపోతే కారణం రాసివ్వండి

విద్యుత్ పంపిణీ సంస్థల ఉన్నతాధికారులకు, క్షేత్రస్థాయి ఇంజనీర్లకు, విద్యుత్ నియంత్రణ మండళ్ల సభ్యులకు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

నమస్కారం. అర్ధరాత్రి గాలివానలో కూడా స్తంభమెక్కి కరెంటు తెచ్చే మీ సిబ్బంది అంటే మాకు గౌరవం ఉంది. ఆ గౌరవంతోనే ఈ లేఖ రాస్తున్నాను.

మా డాబా మీద సోలార్ ప్యానెళ్లు బిగించారు. ప్యానెళ్ల డీసీ కరెంటును ఇంట్లో వాడే ఏసీగా మార్చే ఇన్వర్టర్ గోడకెక్కింది, ఎర్తింగ్ అయింది, బిగించినవాళ్లు పరీక్షలు చేసి కాగితాలు చేతికిచ్చారు. గ్రిడ్‌కు కలపమని, రెండు వైపులా లెక్కించే మీటర్ పెట్టమని చేసుకున్న దరఖాస్తు మాత్రం ‘పరిశీలనలో ఉంది’ అన్న చోటే నెలల తరబడి ఆగిపోయింది. కింది ఆఫీసులో అడిగితే ఫైలు పైకి పంపామంటారు. పై ఆఫీసులో అడిగితే కింది నుంచి రిపోర్టు రాలేదంటారు. రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తే, ఎవరూ వచ్చి చూడకుండానే అది పరిష్కారమైనట్టు మెసేజ్ పంపి మూసేశారు. మళ్లీ ఫిర్యాదు చేస్తే జవాబే లేదు.

ఇది నా ఒక్కడి కథే అయితే ఇంతమంది ముందు పెట్టేవాణ్ని కాదు. ఆ ఆఫీసు వరండాలో ఇదే పని మీద తిరుగుతున్నవాళ్లు చాలామంది కనిపించారు. రిటైరైనప్పుడు వచ్చిన డబ్బు పెట్టినవాళ్లు, ఇంట్లోనే కుట్టుమిషన్లు నడుపుకునేవాళ్లు, అప్పు తీసుకుని బిగించుకుని ఇప్పుడు వాయిదాలు కడుతున్నవాళ్లు.

నేను అడుగుతున్నది రెండు ముక్కల్లో చెప్పొచ్చు. కలపడానికి వీలుంటే ఫలానా తేదీలోగా కలుపుతామని చెప్పండి. వీలు లేకపోతే ఎందుకు లేదో అంకెలతో సహా రాసివ్వండి. ఈ రెండూ చేయకుండా మౌనంగా ఉండిపోతే ఎవరికి ఏ నష్టం జరుగుతోందో కింద వరుసగా పెడుతున్నాను.

1. ముందు భద్రత సంగతి. మీ వైపు నుంచి మొదట వచ్చే మాట ఇదే, మేం చెవిన పెట్టాల్సిన మాట కూడా. లైన్ ఆపేసి మీ లైన్‌మన్ స్తంభం మీద పనిచేస్తుండగా ఏదో ఒక ఇంటి నుంచి కరెంటు వెనక్కి వస్తే? వీధి చివరి ట్రాన్స్‌ఫార్మర్ రెండు వైపులా పనిచేస్తుంది. 11 వేల వోల్టులను ఇంటికి సరిపడా తగ్గించి ఇచ్చినట్టే, ఇంటి వైపు నుంచి వచ్చే 230 వోల్టులను 11 వేలకు పెంచి పైకీ పంపగలదు. కరెంటు లేదనుకుని ముట్టుకున్న తీగ మనిషిని చంపేస్తుంది. ఈ భయం ఉత్తది కాదు.

అందుకే గ్రిడ్‌కు కలిపే ప్రతి ఇన్వర్టర్‌లో యాంటీ ఐలాండింగ్ అనే రక్షణ తప్పనిసరి చేశారు. ఈ రకం ఇన్వర్టర్ తనంతట తాను కరెంటు తోయదు. లైన్లో ఉన్న వోల్టేజ్, ఫ్రీక్వెన్సీ, ఫేజ్ గమనించి, వాటితో సరిగ్గా కలిశాకే పంపడం మొదలుపెడుతుంది. లైన్లో కరెంటు పోతే తానూ ఆగిపోతుంది. అంతర్జాతీయ ఇంజనీర్ల సంఘం పెట్టిన ఐఈఈఈ 1547 ప్రమాణం ప్రకారం గ్రిడ్ నుంచి విడిపోయిన 2 సెకన్లలోపు అది ఆగాలి. అంతర్జాతీయ విద్యుత్ ప్రమాణాల సంస్థ పెట్టిన ఐఈసీ 62116 పరీక్షలో ఇన్వర్టర్‌ను అన్నిటికంటే కష్టమైన పరిస్థితిలో పెడతారు. అది తయారుచేస్తున్న కరెంటుకు సరిగ్గా సరిపోయే లోడ్ (కరెంటు వాడుకునే పరికరాలు) తగిలించి, గ్రిడ్ పోయిన సంగతి పసిగట్టడమే కష్టమయ్యేలా చేసి, అప్పుడు గ్రిడ్‌ను తెంపుతారు. అక్కడ కూడా ఆగితేనే పాసైనట్టు.

ఈ పరీక్ష పాసైనట్టు సర్టిఫికెట్ మా దరఖాస్తుతోనే జతచేశాం. నా అభిప్రాయంలో, లైన్ కరెంటును విడదీసే చేంజోవర్ స్విచ్ లేకుండా ఇంటి వైరింగ్‌కు డీజిల్ జనరేటర్ తగిలించినవాళ్ల వల్ల లైన్‌మన్‌కు ఉండే ప్రమాదం, సర్టిఫికెట్ ఉన్న సోలార్ ఇన్వర్టర్ వల్ల ఉండే ప్రమాదం కంటే ఎక్కువ. అయినా మీరు తనిఖీ చేయాల్సిందే, వద్దనడం లేదు. వచ్చి మెయిన్ స్విచ్ ఆపండి, ఇన్వర్టర్ ఆగిందో లేదో మీటర్ పెట్టి చూడండి, మళ్లీ స్విచ్ వేసి ఎంతసేపటికి తిరిగి కలుస్తోందో గడియారం చూసుకోండి. అరగంట పని. భద్రత పేరు చెప్పి ఫైలు ఆపడం, ఆ భద్రతను చూసే తనిఖీకి మాత్రం రాకపోవడం న్యాయం కాదు.

2. కలపకుండా వదిలేసిన సోలార్ ఊరికే పడి ఉందని, దానివల్ల ఏ ప్రమాదమూ లేదని అనుకోవద్దు. ఎండ పడుతున్నంతసేపు ప్యానెళ్లలో వోల్టేజ్ ఉంటుంది. దాన్ని ఆపే స్విచ్ ప్యానెల్‌కు లేదు. ఒక్కో ప్యానెల్‌కు 40 వోల్టుల పైచిలుకు చొప్పున పది ప్యానెళ్లు వరుసగా కలిపితే 400 వోల్టుల డీసీ మా డాబా మీద నుంచి మెట్ల పక్కగా కిందికి దిగుతుంది. ఇన్వర్టర్ పనిచేస్తుంటే రోజూ మొదలయ్యే ముందు ఆ తీగల ఇన్సులేషన్ బాగుందో లేదో తనే పరీక్షించుకుంటుంది, తేడా ఉంటే తెర మీద చూపిస్తుంది. ఇన్వర్టర్‌ను మొదలుపెట్టనివ్వకపోతే ఆ పరీక్ష జరగదు. ఎలుక కొరికినా, వాననీళ్లు కనెక్టర్‌లోకి దిగినా ఎవరికీ తెలియదు.

3. ఆలస్యం జనాన్ని తప్పుదోవ పట్టిస్తోంది. విసిగిపోయి అనుమతి లేకుండానే స్విచ్ వేసుకుంటున్నవాళ్లు ఉన్నారు. వాళ్లను నేను సమర్థించడం లేదు. మీ రికార్డుల్లో లేని సోలార్ ఏ స్తంభం కింద ఉందో మీ లైన్‌మన్‌కు తెలియదు, ట్రాన్స్‌ఫార్మర్ లెక్కలోకీ అది రాదు. పైగా ఇందులో వాళ్లకే ఇంకో దెబ్బ ఉంది. పాత ఎలక్ట్రానిక్ మీటర్లు కొన్నిటికి కరెంటు ఏ వైపు పోతోందో పట్టదు. బయటికి పంపిన యూనిట్‌ను కూడా వాడిన యూనిట్ కిందే కలిపేస్తాయి. ఎండ బాగా కాసిన నెలలో బిల్లు తగ్గడం పోయి పెరుగుతుంది. సంగతి తెలియని మనిషి సోలారే మోసం అనుకుంటాడు. నిజానికి అక్కడ కావాల్సింది రెండు వైపులా విడివిడిగా లెక్కించే మీటర్. అది మీరు ఇవ్వాల్సిన వస్తువు, బజార్లో కొనుక్కొచ్చి మేం బిగించుకునేది కాదు. మీ స్టోర్లో మీటర్లు లేకపోతే లేవని, ఎప్పుడొస్తాయో చెప్పండి. ‘పరిశీలనలో ఉంది’ అంటే అర్థం మీటర్ రాలేదనా, కాగితం తక్కువైందనా, అసలు ఎవరూ చూడలేదనా?

4. ‘మీ ట్రాన్స్‌ఫార్మర్ మీద ఇక ఖాళీ లేదు’ అనే నోటిమాట. ఇది అన్నిటికంటే ముఖ్యమైన విషయం కాబట్టి కాస్త వివరంగా రాస్తాను.

ఏ ట్రాన్స్‌ఫార్మర్‌కైనా ఒక పరిమితి ఉంటుంది, కాదనను. కానీ ఆ పరిమితిని ఎలా లెక్కగట్టారన్నదే ప్రశ్న. అమెరికాలో చాలాకాలం 15 శాతం గీత ఒకటి నడిచింది. ఒక లైన్ మీద ఏడాది మొత్తంలో పడే గరిష్ఠ లోడ్‌లో (కరెంటు వాడకంలో) 15 శాతం దాటి సొంత ఉత్పత్తి ఉంటే దరఖాస్తును లోతైన పరిశీలనకు పంపేవారు. ఆ 15 ఎక్కడిది? సాధారణంగా కనిష్ఠ లోడ్, గరిష్ఠ లోడ్‌లో 30 శాతం దాకా ఉంటుందని అంచనా వేసి, అందులో సగం తీసుకున్నారు. అంటే కొలవకుండా, జాగ్రత్త కోసం పెట్టుకున్న గీత. అందులోనూ సోలార్ రాత్రిపూట కరెంటు ఇవ్వదు కాబట్టి చూడాల్సింది పగటి కనిష్ఠ లోడ్. 2013లో ఫెర్క్ అనే అక్కడి సమాఖ్య నియంత్రణ సంస్థ తన 792వ ఉత్తర్వులో ఈ మెలికను సవరించింది. 15 శాతం దాటినా, కనిష్ఠ లోడ్‌ను మించకపోతే, వోల్టేజ్, భద్రత పరీక్షలు నెగ్గితే పూర్తిస్థాయి అధ్యయనం లేకుండానే కలపొచ్చని దారి చూపింది.

అమెరికాలోనే హవాయి దీవుల సంగతి ఇంకా స్పష్టం. 2013లో అక్కడి పంపిణీ సంస్థ, చాలా ఫీడర్ల (సబ్‌స్టేషన్ నుంచి ఇళ్ల వైపు వచ్చే లైన్ల) మీద సోలార్ ఎక్కువైపోయిందని చెప్పి, ముందస్తు అనుమతి లేకుండా కలపొద్దంది. అప్పటికే ప్యానెళ్లు బిగించుకున్న జనం నెలల తరబడి ఎదురుచూశారు. ఫీడర్ తెగినప్పుడు వోల్టేజ్ ఒక్కసారిగా పైకి ఎగబాకుతుందన్నది ఆ సంస్థ భయాల్లో ఒకటి. అప్పుడు ఏం చేశారు? అమెరికా జాతీయ పునరుత్పాదక ఇంధన ప్రయోగశాలలో అసలు ఇన్వర్టర్లనే పెట్టి ఆ పరిస్థితిని పరీక్షించారు. ఆ ఫలితాల తర్వాత 2015లో అదే సంస్థ, పగటి కనిష్ఠ లోడ్‌లో 120 శాతంగా ఉన్న పరిమితిని 250 శాతానికి పెంచింది. తీగలు మార్చకుండా, ట్రాన్స్‌ఫార్మర్లు మార్చకుండా, కొలిచి చూసినందుకే రెట్టింపు కంటే ఎక్కువ చోటు దొరికింది. అదే ఏడాది ఆ దీవుల్లోని దాదాపు 8 లక్షల చిన్న ఇన్వర్టర్ల సెట్టింగులను ఇంటింటికీ వెళ్లకుండా దూరం నుంచే మార్చారు.

మా విషయంలో కొలిచారా? ట్రాన్స్‌ఫార్మర్ సామర్థ్యం ఎంత, ఇప్పటికే దాని మీద ఎంత సోలార్ ఉంది, పగటి కనిష్ఠ లోడ్ ఎంత అని అడిగితే ఒక్క అంకె కూడా చెప్పలేదు. ఖాళీ లేదన్న మాట నిజమే కావచ్చు. అంకె చూపిస్తే నేను నోరు మూసుకుని, తక్కువ కిలోవాట్లకు దరఖాస్తు మార్చుకుంటాను. అంకె చూపకుండా కాదనడం, వీధిలో ముందు ఎవరికి తెలిసిందో వాళ్లకే సోలార్, ఆలస్యంగా డబ్బు కూడబెట్టుకున్నవాళ్లకు లేదు అని తేల్చడమే. సాధారణంగా వరుసలో చివర నిలబడేది డబ్బు తక్కువున్న ఇల్లే.

ఇంకో సంగతి. లైన్లో ఫేజ్‌లనే మూడు కరెంటు తీగలుంటాయి. సింగిల్ ఫేజ్ ఇళ్లు చాలాచోట్ల వాటిలో ఒకదాని మీదే కుప్పపడి ఉంటాయి. వీధిలో ఉన్న మూడు సోలార్ ఇళ్లూ ఒకే ఫేజ్ మీద ఉంటే ఆ ఫేజ్ నిండినట్టు, మిగతా రెండూ ఖాళీగా ఉన్నట్టు. ఒక సర్వీస్ వైరును పక్క ఫేజ్‌కు మార్చడం మీవాళ్లకు ఎంత పనో నాకంటే మీకే బాగా తెలుసు.

5. వోల్టేజ్. కనెక్షన్ వచ్చినవాళ్ల కష్టం ఇది. నాకు తెలిసిన ఒక ఇంట్లో మిట్టమధ్యాహ్నం ఇన్వర్టర్ ముందు నిలబడి చూశాను. తెర మీద వోల్టేజ్ 248 చూపిస్తోంది. మబ్బు తొలగింది. 250, 251, 252. అంతలో లోపల రిలే టక్కుమంది, ఉత్పత్తి సున్నా అయింది, తెర మీద ‘గ్రిడ్ ఓవర్ వోల్టేజ్’ అని ఎర్ర అక్షరాలు వచ్చాయి. తర్వాత సెకన్లు వెనక్కి లెక్కపెట్టుకుంటూ ఉండి, మళ్లీ కలిసి, కొంచెంసేపటికి మళ్లీ ట్రిప్ అయింది. రోజులో ఎక్కువ కరెంటు వచ్చే వేళంతా ఇదే వరస. ఆ ఇంటి పెద్దాయనకు ఇన్వర్టర్ కంపెనీ మీద కోపం. తప్పు ఇన్వర్టర్‌ది కాదు. 230 వోల్టుల లైన్ మీద 10 శాతం కలిపితే 253. అక్కడ ఆగమనే దానికి చెప్పారు, ఆగుతోంది.

నీరు పల్లానికి పారినట్టే కరెంటూ ఎక్కువ వోల్టేజ్ నుంచి తక్కువ వోల్టేజ్ వైపే పోతుంది. ఇంటి నుంచి లైన్లోకి కరెంటు పోవాలంటే ఇన్వర్టర్ దగ్గర వోల్టేజ్ లైన్ కంటే కాస్త ఎక్కువ ఉండాలి. సన్నటి, పొడవాటి సర్వీస్ వైర్ల మీద, ఫీడర్ చివరి ఇళ్లలో ఆ పెరుగుదల మరీ ఎక్కువ. ఇందులో మా వంతు ఉంది: వైరు మందం సరిగ్గా వేసుకోవడం బిగించేవాడి బాధ్యత, ఇంటి యజమాని అది అడిగి చూసుకోవాలి. మీ వంతూ ఉంది. ట్రాన్స్‌ఫార్మర్ దగ్గరే వోల్టేజ్ 245 పెట్టి ఉంచితే సోలార్‌కు మిగిలేది 8 వోల్టులే. ఒకప్పుడు ఫీడర్ చివరి ఇంట్లో వోల్టేజ్ పడిపోకుండా ట్రాన్స్‌ఫార్మర్ ట్యాప్‌ను (బయటికి ఇచ్చే వోల్టేజ్‌ను మెట్లమెట్లుగా మార్చే అమరికను) పైకి పెట్టి ఉంటారు. అప్పట్లో అది సరైన పనే. ఆస్ట్రేలియాలో న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2020లో ఇళ్ల వోల్టేజ్ రికార్డులు పరిశీలిస్తే, సోలార్ అసలు పనిచేయని రాత్రి వేళల్లో కూడా వోల్టేజ్ ఎక్కువగానే ఉన్నట్టు తేలింది. కాబట్టి వోల్టేజ్ పెరిగిన ప్రతిచోటా ముందు సోలార్‌నే దోషిని చేయకండి. రాత్రి ఎంతుందో చూడండి. ట్యాప్ ఒక మెట్టు దించితే చాలాచోట్ల సమస్య తీరుతుంది.

కొత్త ఇన్వర్టర్లకు వోల్టేజ్ పెరుగుతుంటే రియాక్టివ్ పవర్ (పని చేయకుండా లైన్లో అటూ ఇటూ తిరుగుతూ వోల్టేజ్‌ను ప్రభావితం చేసే విద్యుత్తు) సర్దుబాటు చేసి దాన్ని కిందికి లాగడం వచ్చు. ఒక్కసారిగా ట్రిప్ అవకుండా ఉత్పత్తిని మెల్లగా తగ్గించుకోవడం కూడా వచ్చు. 2018లో సవరించిన ఐఈఈఈ 1547లో ఈ సామర్థ్యాలు తప్పనిసరి అయ్యాయి. ఆ సెట్టింగులు ఎంత పెట్టాలో మీరు ఒక కాగితం మీద రాసి ప్రతి బిగించేవాడికీ ఇవ్వాలి. ఇవ్వకపోతే ఒక్కొక్కడు ఒక్కో దేశపు సెట్టింగుతో వదిలేసి వెళతాడు. ఒకే గీత దగ్గర అందరూ ఒక్కసారి ఆగితే ఏమవుతుందో జర్మనీ చూసింది. మామూలుగా 50 హెర్ట్జ్ ఉండే ఫ్రీక్వెన్సీ 50.2 హెర్ట్జ్ దాటితే వెంటనే ఆగిపోవాలని అక్కడ తొలిరోజుల్లో నియమం పెట్టారు. సోలార్ కొద్దిగా ఉన్నప్పుడు అది మంచి నియమమే. వేల మెగావాట్లు పెరిగాక, అవన్నీ ఒకే క్షణంలో ఆగితే గ్రిడ్డే తట్టుకోలేదని అర్థమైంది. 2012లో ఉత్తర్వు ఇచ్చి 3 లక్షలకు పైగా పాత వ్యవస్థల సెట్టింగులు మార్పించాల్సి వచ్చింది.

6. డబ్బు. ఎండ బాగా ఉండే చోట కిలోవాట్‌కు రోజుకు సుమారు 4 యూనిట్లు వస్తాయి. 3 కిలోవాట్ల ఇల్లు ఒక నెల ఆగితే 350 యూనిట్ల చుట్టుపక్కల కరెంటు ఎవరికీ కాకుండా పోతుంది. అప్పు వాయిదా ఆగదు, ఇన్వర్టర్ వారంటీ గడువు ఆగదు. ఇంకా పెద్ద టెన్షన్ టారిఫ్ గురించి. మీ దగ్గర ఆలస్యమవుతున్న లోపు ధర నియమం మారితే, పాత ధర నమ్ముకుని అప్పు చేసినవాడు ఏం కావాలి? కాలిఫోర్నియాలో 2023 ఏప్రిల్‌లో నియమం మారినప్పుడు, ఏప్రిల్ 14 లోగా దరఖాస్తు పెట్టినవాళ్లకు పాత పద్ధతే ఉంచి, పని పూర్తిచేసుకోవడానికి 3 ఏళ్లు గడువిచ్చారు. నెట్ మీటరింగ్ (పంపిన యూనిట్లను వాడిన యూనిట్లలోంచి తీసేసే పద్ధతి) మంచిదా, పంపిన కరెంటుకు వేరే ధర కట్టడం మంచిదా అన్న చర్చలోకి ఈ లేఖలో వెళ్లను. ఏది పెట్టినా, దరఖాస్తు పెట్టిన తేదీనే లెక్కలోకి తీసుకోవాలి. కనెక్షన్ తేదీ మీ చేతిలో ఉంది, మా చేతిలో లేదు.

7. కరెంటు పోయినప్పుడు సోలార్ కూడా ఆగిపోతుందని చాలామందికి తెలియదు. అమ్మేటప్పుడు ఎవరూ చెప్పరు. పై మొదటి పాయింట్‌లో రాసిన రక్షణ వల్లే అది ఆగుతుంది. కరెంటు లేనప్పుడూ ఇంట్లో లైట్లు వెలగాలంటే బ్యాటరీ, ఇంటిని గ్రిడ్ నుంచి వేరుచేసే ఏర్పాటు ఉన్న హైబ్రిడ్ ఇన్వర్టర్ కావాలి. ఈ నాలుగు ముక్కలు మీ దరఖాస్తు ఫారం మొదటి పేజీలోనే పెద్ద అక్షరాల్లో వేయండి.

ఇవేవీ సాధ్యం కాని కోరికలు కావు. బ్రిటన్‌లో ఒక ఫేజ్‌కు 16 ఆంపియర్ల లోపు ఉండే ఇంటి సోలార్‌ను, సర్టిఫికెట్ ఉన్న పరికరాలతో అయితే, ముందు బిగించి స్విచ్ వేసుకుని 28 రోజుల్లోగా పంపిణీ సంస్థకు తెలియజేస్తే చాలు. భారతదేశంలో 2024 ఫిబ్రవరిలో వినియోగదారుల హక్కుల నిబంధనలు సవరించి, 10 కిలోవాట్ల లోపు దరఖాస్తులను సాంకేతిక అధ్యయనం లేకుండానే ఆమోదించినట్టు పరిగణించాలన్నారు. 5 కిలోవాట్ల వరకు లైన్ బలోపేతానికి అయ్యే ఖర్చు పంపిణీ సంస్థే భరించాలన్నారు. దక్షిణ ఆస్ట్రేలియాలో, ఎప్పుడూ 1.5 కిలోవాట్లకు మించి పంపొద్దన్న స్థిర పరిమితి ఒకటి, లైన్లో చోటున్నప్పుడు 10 కిలోవాట్ల దాకా పంపి, లేనప్పుడు తగ్గించుకునే పద్ధతి ఒకటి పెట్టి, ఏది కావాలో ఎంచుకోమన్నారు. నియమం కాగితం మీద ఉండి ఆఫీసులో అమలు కాకపోతే ఉపయోగం లేదన్నది వేరే సంగతి. అందుకే కింది డిమాండ్లలో అమలు గురించే ఎక్కువ అడుగుతున్నాను.

మా డిమాండ్లు:

1. దరఖాస్తు అందిన రోజే తేదీతో రసీదు ఇవ్వాలి. కాగితాలు తక్కువైతే అన్నీ ఒకేసారి చెప్పాలి. ఒకటి తెచ్చాక ఇంకోటి అడగడం మానాలి.

2. 10 కిలోవాట్ల లోపు, సర్టిఫికెట్ ఉన్న ఇన్వర్టర్‌తో పెట్టే దరఖాస్తుకు ప్రకటించిన గడువులోగా రాతపూర్వక అభ్యంతరం రాకపోతే ఆమోదం వచ్చినట్టే లెక్క కట్టాలి. తనిఖీకి, మీటర్‌కు విడిగా మరో గడువు ఉండాలి. ఆమోదం ఇచ్చి మీటర్ దగ్గర ఆపితే ఫలితం ఒకటే.

3. కాదంటే ఆ కాగితంలో ఈ అంకెలు ఉండాలి: ట్రాన్స్‌ఫార్మర్ సామర్థ్యం, దాని మీద ఇప్పటికే ఉన్న సోలార్, పగటి కనిష్ఠ లోడ్, కొలిచిన వోల్టేజ్, మా ఇల్లు ఏ ఫేజ్ మీద ఉందన్నది. వాటితోపాటు ప్రత్యామ్నాయం కూడా రాయాలి. ఫేజ్ మారిస్తే వీలవుతుందా, బయటికి పంపే కరెంటుకు పరిమితి పెడితే వీలవుతుందా, తక్కువ కిలోవాట్లకు ఒప్పుకుంటారా? ఇంటి వాడకానికి మాత్రమే, బయటికి ఏమీ పంపకుండా పెట్టుకునే అమరికను ట్రాన్స్‌ఫార్మర్ నిండిందన్న కారణంతో తిరస్కరించకూడదు.

4. ప్రతి ట్రాన్స్‌ఫార్మర్ మీద ఎంత చోటు మిగిలిందో ప్రతి నెలా బయటపెట్టాలి. ప్యానెళ్లు కొనకముందే మనిషికి తెలియాలి.

5. వోల్టేజ్ సమస్య ఉందన్న ఫిర్యాదు వస్తే కనీసం వారం రోజులు, రాత్రీ పగలూ, రికార్డు చేసి ఆ కాపీ వినియోగదారుడికి ఇవ్వాలి. ట్యాప్ సరిచేయకుండా ఉత్పత్తి తగ్గించుకోమని మాకు చెప్పొద్దు.

6. దరఖాస్తు తేదీ నాటి టారిఫ్ నియమమే వర్తించాలి.

7. గడువు దాటిన ప్రతి రోజుకూ, ఆ సామర్థ్యానికి రావాల్సిన యూనిట్లను మేం అడగకుండానే బిల్లులో జమ చేయాలి. ఆలస్యం వల్ల పంపిణీ సంస్థకు కూడా నష్టం ఉంటేనే ఫైలు కదులుతుందని నా గట్టి నమ్మకం.

8. సోలార్ ఉన్న ప్రతి ఇంటి వివరం లైన్‌మన్ చేతిలో ఉండాలి. మీటర్ దగ్గర బయటి నుంచి ఆపి తాళం వేయగల ఐసోలేటర్, ‘రెండు వైపుల నుంచి కరెంటు’ అన్న హెచ్చరిక బోర్డు ఉండాలి. ఆ ఖర్చు మేం పెట్టుకుంటాం. లైన్ మీద పనిచేసే ముందు టెస్ట్ చేసి ఎర్త్ చేయడానికి కావాల్సిన సామాను, సమయం సిబ్బందికి మీరివ్వండి.

9. ఫిర్యాదు చేసినవాళ్లు ఒప్పుకోకుండా ఫిర్యాదును మూయకూడదు.

సాటి వినియోగదారులకు ఒక మాట. ఎంత విసుగొచ్చినా అనుమతి, మీటర్ రాకముందు స్విచ్ వేయకండి. బిగించినవాళ్ల దగ్గర ఇన్వర్టర్ సర్టిఫికెట్, ఎర్త్ రెసిస్టెన్స్ రీడింగ్, వైరింగ్ డ్రాయింగ్ తీసుకుని దాచుకోండి. ఆఫీసులో నోటిమాటగా ఏం చెప్పినా, అదే విషయం రాతలో అడగండి.

అధికారులారా, పై తొమ్మిదింటిలో దేన్ని ఏ తేదీ నుంచి అమలు చేస్తారో, దేన్ని చేయలేరో, చేయలేకపోతే కారణమేమిటో రాతపూర్వకంగా, అందరికీ కనిపించేలా తెలియజేయమని కోరుతున్నాను. నియంత్రణ మండళ్లు ఈ విషయమై బహిరంగ విచారణ జరిపితే, నాలాంటివాళ్లం మా దరఖాస్తు కాగితాలు, ఫిర్యాదు నంబర్లతో సహా వచ్చి చెప్పడానికి సిద్ధంగా ఉన్నాం.

ఇట్లు,
కనెక్షన్ కోసం ఎదురుచూస్తున్న ఒక విద్యుత్ వినియోగదారుడు